గట్టు జరిగితే ఎవరి గడప తొక్కాలి?

కబ్జా చేసేవాడికి కోర్టు క్యాలెండరు బాగా తెలుసు. శనివారం పొద్దుగూకేదాకా ఆ స్థలం వైపు ఎవరూ రారు. చీకటి పడ్డాక జేసీబీ దిగుతుంది. పాతిన కడీలు పీకి పక్కన పడేస్తారు. సిమెంటు పలకలతో ప్రహరీ లేస్తుంది, ఒక మూల రేకుల గది వెలుస్తుంది, ఎక్కడి నుంచో తెచ్చిన కుటుంబాన్ని అందులో కాపలా పెడతారు. ఆదివారం ఉదయానికి గేటుకు తాళం, గోడ మీద ఎర్రరంగుతో ఎవరిదో పేరు, ఒక ఫోన్ నంబరు. పక్కింటివాళ్లు ‘అన్నా, మీ ప్లాటులో గోడ కడుతున్నారు’ అని చెబితే తప్ప యజమానికి తెలియదు. దస్తావేజుల సంచి పట్టుకుని ఆయన స్టేషన్‌కు పరుగెత్తుతాడు. అక్కడ వినిపించే మాట మన రెండు రాష్ట్రాల్లో ఎక్కడైనా ఒకటే: ‘ఇది సివిల్ మ్యాటరండీ. సోమవారం కోర్టుకెళ్లి ఆర్డర్ తెచ్చుకోండి.’

సోమవారానికి గోడ ఆరిపోయి ఉంటుంది.

ఇంకో రోజు ఇంకో స్టేషన్‌కు వెళ్లి చూడండి. ఊళ్లో ఎకరం చెక్క ఉన్న ముసలి రైతును పొద్దున పదింటికి పిలిపించి వరండా బెంచీ మీద కూర్చోబెడతారు. ఎదుటి పక్షం లోపల కుర్చీల్లో ఉంటుంది. ‘పెద్దాయనా, ఈ వయసులో ఎందుకొచ్చిన గొడవ? ఎంతో కొంత తీసుకుని సంతకం పెట్టెయ్. లేదంటే నీ కొడుకు మీద కేసు రాయాల్సొస్తుంది’ అంటారు. ఆ రోజు మాత్రం అది సివిల్ మ్యాటరని ఎవరికీ గుర్తు రాదు.

జోక్యం చేసుకోవాల్సిన చోట చేతులెత్తేయడం, తలదూర్చకూడని చోట తీర్పులు చెప్పడం. ఆస్తి తగాదాల్లో జనం పోలీసు మీద చెప్పే ఫిర్యాదులన్నీ దాదాపు ఈ రెండింటిలోనే ఇమిడిపోతాయి. పైకి ఒకదానికొకటి విరుద్ధంగా కనిపించినా రెండింటి ఫలితం ఒకటే: ఎవరి బలం ఎక్కువో వారికి భూమి దక్కుతుంది. దీనికి మూలం ఎక్కడుందో అర్థం కావాలంటే భూమి గురించి చట్టం అడిగే రెండు ప్రశ్నలను విడదీసి చూడాలి.

ఎవరిది? ఎవరి చేతిలో ఉంది?

ఈ భూమి ఎవరిది అన్నది మొదటి ప్రశ్న. అది హక్కు. లింకు డాక్యుమెంట్లు, వీలునామాలు, పంపకాలు, పహాణీలు, సాక్షులు అన్నీ పరిశీలించి దాన్ని తేల్చే అధికారం సివిల్ కోర్టుది. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ తొమ్మిదో సెక్షన్ ఆ అధికారాన్ని సివిల్ కోర్టుకు ఇచ్చింది. సీఐకి గానీ, ఏసీపీకి గానీ, కమిషనర్‌కు గానీ దస్తావేజు చూసి ‘ఇది నీది కాదు’ అనే అధికారం లేదు.

రెండో ప్రశ్న వేరు. నిన్నటి దాకా ఈ భూమి ఎవరి చేతిలో ఉంది? అది స్వాధీనం. దీన్ని చూసేటప్పుడు హక్కు ఎవరిదన్న విచారణతో పనిలేదు. స్థిరంగా స్వాధీనంలో ఉన్న మనిషిని అసలు యజమాని కూడా బలవంతంగా గెంటడానికి వీల్లేదని, చట్టప్రకారమే ఖాళీ చేయించుకోవాలని 2003 డిసెంబరులో సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. ఎవరి భూమిని వారు కర్రలతో కాపాడుకునే రోజులు తిరిగి రాకూడదన్నదే ఈ సూత్రం వెనకున్న ఆలోచన.

హక్కు తేలడానికి ఏళ్లు పడుతుంది, కొంతవరకు పట్టక తప్పదు కూడా. మూడు తరాల కాగితాలు చదవాలి కదా. స్వాధీనాన్ని కాపాడటానికి మాత్రం అన్నేళ్లు అక్కర్లేదు, కొన్నిసార్లు గంటలు చాలు. అందుకోసం చట్టం త్వరగా పనిచేసే సాధనాలను విడిగా ఇచ్చింది. వాటిని వాడకుండా ప్రతి మనిషినీ హక్కు దావా అనే సుదీర్ఘ దారిలోకి నెట్టేయడమే ‘సివిల్ మ్యాటర్’ అన్న మాట చేస్తున్న అసలు అన్యాయం. గంటల్లో ఆగాల్సింది ఏళ్ల కేసవుతోంది.

శనివారం రాత్రి పోలీసు చేయగలిగింది

ఇతరుల స్వాధీనంలో ఉన్న స్థలంలోకి బెదిరించే ఉద్దేశంతోనో, నేరం చేసే ఉద్దేశంతోనో చొరబడటం నేరం. పాత ఐపీసీలో 447గా అందరికీ తెలిసిన ఈ సెక్షన్, 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో 329(3) అయింది. శిక్ష మూడు నెలల లోపే అయినా పోలీసు నేరుగా కేసు నమోదు చేయగల నేరమిది. కడీలు పీకితే ఆస్తి నష్టం, అడ్డుపడినవారిని చంపుతామంటే బెదిరింపు కూడా తోడవుతాయి. నేరం జరుగుతుంటే ఆపడం పోలీసు కనీస విధి. జేసీబీని ఆపి, డ్రైవరు వివరాలు రాసుకుని, ‘సోమవారం కోర్టు తేల్చేదాకా ఎవరూ ఇటుక కదపొద్దు’ అనడానికి ఏ దస్తావేజూ చదవనక్కర్లేదు. అక్కడ నిన్న ఏముంది, ఇవాళ ఏముంది అన్నది ఇరుగుపొరుగును అడిగినా తెలుస్తుంది.

నేర సమాచారం అందితే ఎఫ్‌ఐఆర్ నమోదు చేసి తీరాలని 2013 నవంబరులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం లలితా కుమారి కేసులో స్పష్టం చేసింది. కుటుంబ వివాదాలు, వాణిజ్య లావాదేవీల వంటి కొన్నింటిలో మాత్రం ముందుగా ప్రాథమిక విచారణకు వీలుంచింది. కొత్త భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 173వ సెక్షన్ కూడా మూడేళ్లకు తగ్గకుండా ఏడేళ్లలోపు శిక్ష పడే నేరాలకు డీఎస్పీ అనుమతితో 14 రోజుల ప్రాథమిక విచారణకు అవకాశమిచ్చింది. విచారణకైనా ఫిర్యాదు తీసుకోవాలి, దాన్ని ముగించినా ఎందుకు ముగించారో చెప్పాలి. స్టేషన్‌లో తీసుకోకపోతే ఎస్పీకి, అక్కడా కాకపోతే మేజిస్ట్రేటుకు వెళ్లే దారిని అదే చట్టం చూపించింది.

ఇరుపక్షాలూ తలలు పగలగొట్టుకునే పరిస్థితి ఉంటే ఇంకో సాధనం ఉంది. పాత సీఆర్‌పీసీలో 145వ సెక్షన్, ఇప్పుడు నాగరిక్ సురక్షా సంహితలో 164. పోలీసు నివేదిక పంపితే ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు, అంటే మన దగ్గర సాధారణంగా తహసీల్దారు లేదా ఆర్డీఓ, ఇరువురినీ పిలిచి స్వాధీనం ఎవరిదో మాత్రమే తేలుస్తారు. ఈ సెక్షన్‌లో ఎంతో విలువైన మాట ఒకటుంది. నివేదిక అందడానికి ముందు రెండు నెలల లోపు ఎవరినైనా బలవంతంగా గెంటి ఉంటే, ఆ మనిషే ఇంకా స్వాధీనంలో ఉన్నట్టు భావించవచ్చు. శనివారం రాత్రి లేచిన గోడకు చట్టం దృష్టిలో విలువ లేకుండా చేయగల వాక్యమిది. అయితే హక్కు, స్వాధీనాల మీద సివిల్ దావా అప్పటికే నడుస్తుంటే దీన్ని సమాంతరంగా నడపకూడదని సుప్రీంకోర్టు 1985 నుంచీ చెబుతోంది. కాబట్టి ఈ దారి పట్టాలంటే వెంటనే పట్టాలి.

ఇవేమీ లేకుండా తరచూ జరిగేది బైండోవర్. దెబ్బలు తిన్నవాడినీ, కొట్టినవాడినీ ఒకే గాట కట్టి తహసీల్దారు ముందు పూచీకత్తు రాయించుకుంటారు. ఆ తర్వాత సొంత స్థలంలో అడుగుపెట్టడానికి భయపడేది యజమానే. శాంతిభద్రతల పేరుతో కబ్జాకు రక్షణ కల్పించినట్టవుతోందని పోలీసు పెద్దలు గ్రహించాలి.

ఠాణాలో కూర్చున్న పెద్దమనిషి

జనం స్టేషన్‌కే ఎందుకు వెళ్తారు? అక్కడ పని త్వరగా అవుతుందన్న నమ్మకం. ఎస్సై ఒక మాట అంటే ఎదుటివాడు ఆగుతాడు, ఖర్చు తక్కువ, రోజుల్లో తేలుతుంది. ఊళ్లో పెద్దమనుషుల పంచాయితీ ఎలాగో ఇదీ అలాగే అనుకుంటారు. కానీ పెద్దమనిషికి లాఠీ లేదు, లాకప్ లేదు. అవి ఉన్నవాడి ఎదుట కుదిరిన రాజీ ఇష్టపూర్వకమని ఎలా అంటాం?

సివిల్ తగాదాకు క్రిమినల్ రంగు పులిమే ధోరణి పెరుగుతోందని 2006లోనే సుప్రీంకోర్టు హెచ్చరించింది. 2025 ఏప్రిల్‌లో అప్పటి ప్రధాన న్యాయమూర్తి జస్టిస్ సంజీవ్ ఖన్నా, ఉత్తరప్రదేశ్‌లో సివిల్ లావాదేవీలను క్రిమినల్ కేసులుగా మార్చడంపై తీవ్రంగా ఆగ్రహించారు. మన హైకోర్టుల్లోనూ పోలీసులు సివిల్ వివాదంలో జోక్యం చేసుకుంటున్నారంటూ రిట్లు పడని వారం ఉండదు.

ఇక్కడ ఒక చిక్కుముడి ఉంది. నా స్థలాన్ని వేరెవరో తనదని చెప్పి మూడో మనిషికి రిజిస్టరు చేశాడనుకుందాం. అందరూ అనేది ‘ఫోర్జరీ కేసు పెట్టు’ అనే. బిహార్ నుంచి వచ్చిన ఒక కేసులో 2009లో సుప్రీంకోర్టు దీన్ని విడమరిచి చెప్పింది. అతను తన పేరుతో, తన సంతకంతో, తనకు లేని హక్కును అమ్మాడు. ఆ పత్రంలోని మాట అబద్ధమే. అయినా అది ఫోర్జరీ చేసిన పత్రం కాదు. మోసపోయింది డబ్బు కట్టిన కొనుగోలుదారు కాబట్టి మోసం కేసు పెట్టగలిగేది ఆయన. అసలు యజమాని చేయాల్సింది సివిల్ కోర్టుకు వెళ్లి తన హక్కును ప్రకటింపజేసుకోవడం. అదే అతను యజమానిగా నటించి ఆయన పేరుతో సంతకం పెట్టి ఉంటే, నకిలీ ఆధార్ చూపి వేలిముద్ర వేసి ఉంటే, అప్పుడది అచ్చమైన ఫోర్జరీ. దానికి పదేళ్ల దాకా జైలు గానీ, యావజ్జీవం గానీ శిక్ష ఉంది, పోలీసు దర్యాప్తు చేసి తీరాలి. అమెరికాలోనో గల్ఫ్‌లోనో ఉన్న మనవాళ్ల ప్లాట్ల మీద జరిగే మోసాల్లో ఈ రెండు రకాలూ కనిపిస్తాయి. ఏది ఏ రకమో తెలియక రాసిన ఫిర్యాదు రెండు చోట్లా వీగిపోతుంది.

దావా షెడ్యూలులో నాలుగు గీతలు

సోమవారం కోర్టుకు వెళ్లిన యజమాని దగ్గరికి వద్దాం. వకీలు అడిగే మొదటి మాట హద్దులు. దావా చివర షెడ్యూలు అని ఒకటుంటుంది: తూర్పు ఫలానావారి భూమి, పడమర డొంక, ఉత్తరం కాలువ గట్టు, దక్షిణం ముప్పై అడుగుల రోడ్డు. ఆ నాలుగు గీతలు రాసేటప్పుడు చూపిన శ్రద్ధ మీద కేసు సగం ఆధారపడి ఉంటుంది. 1990లో కొన్న దస్తావేజులో తూర్పు హద్దుగా ఉన్న మనిషి చనిపోయి ఉంటాడు, ఆ భూమి ఆరు ముక్కలై ఉంటుంది. పాత పేరే దించేస్తే ఎదుటి వకీలు క్రాస్‌లో మొదట పట్టుకునేది దాన్నే.

దావాతో పాటు తాత్కాలిక ఇంజంక్షన్ కోరుతూ మధ్యంతర దరఖాస్తు (ఐఏ) వేస్తారు. అత్యవసరమైతే ఎదుటివారికి నోటీసు లేకుండానే జడ్జి ఉత్తర్వు ఇవ్వవచ్చు. అలా ఇస్తే ముప్పై రోజుల్లో ఇరుపక్షాలనూ విని తేల్చడానికి ప్రయత్నించాలని చట్టం చెబుతోంది. ఆ ముప్పై రోజులు మన కోర్టుల్లో ముప్పై వాయిదాలవుతున్నాయి. ‘పొడిగించడమైనది’ అన్న ఒక్క ముక్కతో తాత్కాలికం ఏళ్ల తరబడి సాగుతుంది. ఉత్తర్వు పొందినవాడికి కేసు ముగించాలన్న తొందర ఉండదు, ఓడినవాడు పైకోర్టుకు పోతాడు.

వరంగల్ నుంచి వెళ్లిన ఒక కేసులో 2008 మార్చిలో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పును దేశమంతటా సివిల్ వకీళ్లు ఇప్పటికీ ఉటంకిస్తారు. హక్కు మీద గట్టి వివాదం లేకపోతే ఇంజంక్షన్ దావా ఒక్కటే చాలు. హక్కు మీదే నీలినీడలు ఉంటే హక్కు ప్రకటన కూడా కోరాలి. స్వాధీనం పోతే దాన్నీ అడగాలి. కోర్టు ఫీజు తక్కువని చాలామంది ఉత్త ఇంజంక్షన్‌తో సరిపెడతారు. ఎనిమిదేళ్లకో పదేళ్లకో ‘హక్కు ప్రకటన కోరకుండా ఈ దావా చెల్లదు’ అని తీర్పు వస్తే మళ్లీ మొదటికి. మొదటి రోజు మిగిలిన కొన్ని వేల రూపాయలకు కట్టే మూల్యం అది.

గోడ లేచిపోయిన యజమానికి మరో దారి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం ఆరో సెక్షన్. తన అంగీకారం లేకుండా, చట్టప్రకారం కాకుండా గెంటేస్తే ఆరు నెలల్లోపు దావా వేయాలి. హక్కు ఊసే ఎత్తనక్కర్లేదు, నా చేతిలో ఉండేది, లాక్కున్నారు అని రుజువు చేస్తే చాలు. ఆ తీర్పు మీద అప్పీలు కూడా ఉండదు. 1963 నుంచీ ఉన్న ఈ సెక్షన్‌ను బాధితుల్లో ఎక్కువమంది చేజార్చుకోవడానికి కారణం, ఆ ఆరు నెలలూ స్టేషన్ చుట్టూ తిరగడంలోనే గడిచిపోవడం.

ఇంజంక్షన్ ఉత్తర్వు చేతికొచ్చాక కథ మళ్లీ స్టేషన్‌కే చేరుతుంది. ఆర్డరు చూపిస్తే ‘ఇందులో మమ్మల్ని ఏం చేయమని లేదు కదా’ అంటారు. అప్పుడు సివిల్ ప్రొసీజర్ కోడ్ 151వ సెక్షన్ కింద పోలీసు సాయం కోరుతూ ఇంకో పిటిషన్. కోర్టులు ఇందులో ఆచితూచి వ్యవహరించడానికీ కారణం ఉంది. స్వాధీనంలో లేనివాడు ఉన్నానని ప్రమాణ పత్రం వేసి, ఎదుటివాడికి తెలియకుండా ఉత్తర్వు సంపాదించి, పోలీసు జీపు వెంట లోపలికి ప్రవేశించిన ఉదంతాలు లాయర్లందరికీ తెలుసు. ఉత్తర్వును ధిక్కరిస్తే ఆస్తి జప్తు, మూడు నెలల దాకా సివిల్ జైలు అని అదే కోడ్‌లోని 39వ ఆర్డరు చెబుతోంది. ఆ అధికారాన్ని కింది కోర్టులు గట్టిగా వాడితే పోలీసు సాయం పిటిషన్లు సగానికి సగం తగ్గుతాయని నా నమ్మకం.

కాగితాలు మారినా తీరని తగాదా

ఆస్తి కేసులు ఇన్ని ఎందుకన్న ప్రశ్నకు జవాబు రెవెన్యూ రికార్డుల్లో ఉంది. తెలంగాణలో 1954-55 నాటి ఖాస్రా పహాణీని ఇప్పటికీ తిరగేస్తాం. తెల్లకాగితం మీద రాసుకున్న సాదాబైనామాలతో భూములు చేతులు మారాయి. 2020లో భూరికార్డుల పోర్టల్ ధరణి వచ్చినప్పుడు రెవెన్యూ కోర్టులను రద్దు చేశారు. పేరు తప్పు పడిన రైతుకు తహసీల్దారు దగ్గర జవాబు లేకుండా పోయింది. చిన్న సవరణకు కూడా సివిల్ కోర్టుకు పొమ్మన్నారు. 2025 ఏప్రిల్ 14న దాని స్థానంలో మొదలైన భూభారతిలో అప్పీలు వ్యవస్థను తిరిగి తెచ్చారు.

ఆంధ్రప్రదేశ్‌లో జరిగింది ఇందుకు భిన్నం. హక్కుల వివాదాలను సివిల్ కోర్టు పరిధి నుంచి తప్పించి అధికారులకు అప్పగించే ల్యాండ్ టైటిలింగ్ చట్టం 2023 అక్టోబరులో అమల్లోకి రాగానే జిల్లా జిల్లాలో న్యాయవాదులు విధులు బహిష్కరించారు. 2024 ఎన్నికల్లో ఊరూరా చర్చ దాని మీదే. కొత్త ప్రభుత్వం రాగానే రద్దు చేసింది. ఇందులో నాకు కనిపించేది ఒకటి. కోర్టు ఆలస్యాన్ని తిట్టని మనిషి ఉండడు. అయినా ఆ తలుపు మూసేస్తామంటే ఊళ్లో సామాన్య రైతు కూడా ఒప్పుకోలేదు. ఆఫీసరు మారితే మాట మారుతుంది, కోర్టులో అయితే మన మాట రికార్డులోకి ఎక్కుతుంది, ఓడినా ఎందుకు ఓడామో రాసి ఇస్తారు అన్న నమ్మకం అది. ఇంత నమ్మకానికి తగ్గ వేగం కోర్టులు చూపించకపోవడం నాకు బాధ కలిగించే విషయం.

తీర్పు వచ్చాక కూడా పని పూర్తికాదు. డిక్రీని అమలు చేయించుకోవడానికి అమలు పిటిషన్ (ఈపీ) వేయాలి. ఈపీని ఆరు నెలల్లో తేల్చాలని 2021లో సుప్రీంకోర్టు ఆదేశించింది. 2025లో లెక్క తీస్తే దేశవ్యాప్తంగా 8.82 లక్షలకు పైగా ఈపీలు పెండింగ్‌లో ఉన్నాయి. అంటే గెలిచిన కేసులివి. గెలిచి, అమీనా ఎప్పుడొస్తాడా అని ఎదురుచూస్తున్నవాళ్లు వీళ్లంతా. స్టేషన్ దగ్గర సెటిల్‌మెంట్‌కు జనం మొగ్గుచూపడానికి ఈ అంకెను మించిన కారణం వెతకనక్కర్లేదు.

చేయాల్సినవి పెద్ద సంస్కరణలేం కావు. సివిల్ మ్యాటర్ అన్న ప్రతి ఎస్సై ఆ మాటను కారణంతో సహా కాగితం మీద రాసి ఇవ్వాలి. నోటిమాటగా ఉన్నంతకాలం దానికి జవాబుదారీ లేదు. గొడవ జరిగిన చోట ఉన్నది ఉన్నట్టు ఫొటోలు, వీడియో తీసి డైరీలో చేర్చాలి. రేపు కోర్టులో స్వాధీనం తేల్చడానికి అంతకన్నా మంచి సాక్ష్యం ఉండదు. భూమి విషయంలో స్టేషన్‌లో కుదిరిన రాజీ ఏదైనా లోక్ అదాలత్‌కు పంపాలి. అక్కడ జడ్జి ముందు ఇరుపక్షాలూ ఇష్టంగానే చేశామని చెబితే అది డిక్రీ అవుతుంది, దాని మీద అప్పీలు ఉండదు. హద్దుల తగాదాల్లో దావా పడిన తొలి నెలల్లోనే సర్వేయరుతో కలిపి అడ్వొకేట్ కమిషనర్‌ను పంపితే కేసులు చాలా వరకు అక్కడికక్కడే తెగిపోతాయి. ఎందుకంటే ఎన్నో తగాదాల్లో హక్కు మీద వివాదమే ఉండదు, గట్టు ఎక్కడన్నదే పేచీ.

యజమానులు చేసుకోవాల్సిందీ ఉంది. ఖాళీ స్థలం ఉంటే ఏడాదికోసారి ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్ (ఈసీ) తీయించండి, పన్ను రశీదులు దాచండి, తేదీతో ఫొటోలు తీసి ఉంచండి. ఎవరైనా మీ మీద దావా వేస్తారన్న అనుమానం ఉంటే కోర్టులో కేవియట్ వేయండి, అది 90 రోజులు పనిచేస్తుంది, మీకు తెలియకుండా ఇంజంక్షన్ రాదు. గొడవ జరిగిన రాత్రే 112కు ఫోన్ చేయండి. ఆ కాల్ సమయం నమోదవుతుంది, రెండు నెలల లెక్కకూ ఆరు నెలల లెక్కకూ అది ఆధారం. స్టేషన్‌లో ఫిర్యాదు తీసుకోకపోతే అదే రోజు ఎస్పీకి రిజిస్టరు పోస్టులో పంపి రశీదు దాచండి. వకీలును పెట్టుకునే స్థోమత లేకపోతే జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయసేవాధికార సంస్థ ఉంటుంది. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా, ఆదాయ పరిమితిలోపు ఉన్న మిగతావారికి కూడా ఉచితంగా వకీలును ఇస్తారు. ఫోన్ చేయాల్సిన నంబరు 15100.